తొమ్మిదో గడి

చిరంజీవి బొత్తానికి,

నాన్న ఆశీస్సులు. మీ అమ్మ పెట్టిన ముద్దుపేరుతోనే పిలుస్తున్నాను. ఇక్కడ మేము క్షేమం అని రాసి, చూసుకుని, 'మేము' కొట్టేసి 'నేను' అని దిద్దాను. నువ్వూ, అల్లుడూ, పిల్లలూ క్షేమమని తలుస్తాను. నీ ఉత్తరం గురువారం అందింది. కర్మలకు వచ్చి ఎదురెదురుగా ఉన్న తొమ్మిది రోజులూ అడగలేకపోయిన మాట ఉత్తరంలో అడిగావు. మంచిదే. నోటితో చెప్పుకోవడం నీకూ నాకూ ఎప్పుడూ చేతకాలేదు. ఈ ఇంట్లో మాటలన్నీ మీ అమ్మ వాటాకు పోయాయి.

మీ అమ్మ ఆఖరి రోజు ఎలా గడిచిందో రాయమన్నావు. రాస్తున్నాను.

ఆ రోజు మంగళవారం. తొమ్మిదింటికి వృద్ధుల హోమ్‌కు వెళ్ళాను. తెల్లవారుజామున జ్వరం వచ్చి తగ్గిందని నర్సు చెప్పింది. మిగిలిన కుడి కాలి వేళ్ళు కూడా నల్లబడుతున్నాయని ముందురోజే చెప్పారు. మీ అమ్మ దిండుకు ఆనుకుని కూర్చుని ఉంది. రోజూలాగే దినపత్రిక తీసుకెళ్ళాను. పదకొండు నెలల్లో ఏనాడూ దాన్ని నా చేతిలోంచి తీసుకోలేదు. స్టూలు మీద పెట్టేవాణ్ణి. నేను వెళ్ళాక తీసుకునేదట. ఆ రోజు చెయ్యి చాచింది. అంచు మడిచి, గోటితో గీసి, పొడుగ్గా ఒక పట్టీ చించింది. వేలితో రమ్మంది. వంగాను. పట్టీ నా మెడ చుట్టూ పెట్టి, రెండు కొసలు కలిసిన చోట గోటితో గాటు పెట్టింది. చొక్కా కాలరు పట్టుకుని చూసింది. అది వదులైంది. తర్వాత నన్నొక ప్రశ్న అడిగింది. జవాబు చెప్పాను. ఒక మాట అని, గోడవైపు తిరిగి పడుకుంది. పన్నెండింటికి అన్నం వద్దంది. రెండున్నరకు ఊపిరి మారింది. డాక్టరు వచ్చి గుండె మీద చెయ్యి పెట్టాడు, తీశాడు. మూడుంబావుకు అయిపోయింది. గదిలో నేను, నర్సు, పక్క మంచం అవ్వ ఉన్నాం. ఎవరూ ఏడవలేదు. అవ్వ తన రేడియో ఆపేసింది.

ఆ ప్రశ్నేమిటో, ఆ మాటేమిటో ముందే రాస్తే నీకు అర్థం కాదు. ముందు నువ్వు అడిగిన మిగతావాటికి జవాబు చెప్పనీ.

తిండి సంగతి అడిగావు. తింటున్నాను. కింది అంతస్తులో ఉండే కండక్టరు భార్య మధ్యాహ్నం పంపిస్తుంది. ఉప్పు తక్కువ వేస్తుంది. చెబితే ఎక్కువ వేస్తుందేమోనని చెప్పడం లేదు. మోకాళ్ళు ఎప్పటిలాగే ఉన్నాయి. రెండో అంతస్తు మెట్లు రోజుకొకసారే దిగి ఎక్కుతున్నాను.

కుట్టు మిషన్ ఎవరికీ ఇవ్వవద్దన్నావు. ఇవ్వలేదు. గుడ్డ కప్పి ఉంచాను. తొక్కే పలక మీద ఎడమ వైపు ఇనుము అరిగి మెరుస్తూ ఉంటుంది, నీకు గుర్తుండే ఉంటుంది. ఎడమ కాలే తీసేశారు.

కాగితం పట్టీలు కూడా మేకుకు అలాగే వేలాడుతున్నాయి. మొన్న లెక్కపెట్టాను. నాలుగు వందల పన్నెండు. ఒక్కొక్క మనిషికి ఒక్కొక్క పట్టీ. కొసకు కట్టిన దారం రంగును బట్టి ఎవరిదో ఆమెకు తెలిసేది. మడత ఉంటే భుజం, ఒంటి గాటు మెడ, జంట గాటు నడుము. అంకె ఎక్కడా లేదు. కొలత టేపు మెడలో వేసుకునేది గాని, దాన్ని చదవగా నేను చూడలేదు. అడిగితే, "డాక్టరుకు ఆ గొట్టం ఎందుకో నాకు ఈ టేపు అందుకు. లేకపోతే జనం నమ్మరు మాస్టారూ," అనేది. ఇరవై బొత్తాలు కావాలంటే లెక్కపెట్టేది కాదు, చొక్కా మీద పరిచి చూసుకునేది. నీ లెక్కల పుస్తకం చూసి ఏమనేదో నీకు గుర్తే. "దీన్ని విప్పి మళ్ళీ కుట్టాలి, నాకర్థమయ్యేలాగ." పెళ్ళయిన కొత్తలో నేర్పబోయాను. కాలేజీలో నూట ఇరవై మందికి నేర్పినవాణ్ణి, ఇంట్లో ఒక్క మనిషికి తీసివేత నేర్పలేకపోయాను. రెండు వారాలు చూసి, "లెక్కలు మీ వాటా, కత్తెర నా వాటా. పంపకం అయిపోయింది," అని లేచి వెళ్ళింది.

ఈ సంగతి నీకు తెలుసు, నాకు తెలుసు. ఇది గుర్తు పెట్టుకో.

నీ ఉత్తరంలో ఒక వాక్యం ఉంది. "అమ్మ ఏదీ తెలియని స్థితిలో పోయింది, అదొక్కటే నాకు ఊరట." ఆ వాక్యం నాలుగుసార్లు చదివాను. అది నీ దగ్గర ఉండనిస్తే నాకు సుఖం. మూడు రోజులు ఆ సుఖం గురించి ఆలోచించాను. ఉండనివ్వలేను. అది నేను ఇచ్చిన అబద్ధం.

కాలి పుండు ముదిరినప్పుడు సర్జన్ ఏమన్నాడో నీకు ఫోనులో చెప్పాను. మోకాలి పైకి తీసేయాలి, తీస్తే నాలుగైదేళ్ళు, తీయకపోతే నాలుగైదు నెలలు. మీ అమ్మ ఏమందో నీకు చెప్పలేదు. స్పృహలో లేదని మాత్రం చెప్పాను. నిజానికి జ్వరంలో రెండు రోజులు ఏదో మాట్లాడింది. మూడో రోజుకు తేరుకుంది. సర్జన్‌ను కూర్చోమని అడిగింది.

"గుడ్డ కత్తిరించే ముందు మేము పదిసార్లు చూస్తాం బాబూ. మీరు ఒక్కసారి చూసి కత్తెర తీశారు."

"ఆలస్యమైతే ప్రాణానికే ప్రమాదమమ్మా."

"డెబ్బై ఏళ్ళు వచ్చాయి. ప్రాణానికి ప్రమాదం రాకుండా ఎలా ఉంటుంది? నొప్పికి మందివ్వండి, చాలు. కాలుతో వచ్చాను, కాలుతో పోతాను."

అతను వెళ్ళాక నాతో నెమ్మదిగా చెప్పింది. కాలు పోతే మిషన్ పోతుంది. మిషన్ పోతే రెండో అంతస్తులో ఒక మూల కూర్చోవాలి. అలా నాలుగేళ్ళు తనకు అక్కర్లేదు. మిషన్ ముందు నాలుగు నెలలు చాలు. "ఒప్పుకున్నట్టేనా?" అని అడిగింది. ఒప్పుకున్నానని చెప్పాను. చెయ్యి కూడా పట్టుకున్నాను.

సాయంత్రం సర్జన్ నన్ను వరండాలోకి పిలిచాడు. ఆవిడ వద్దంటున్నంత కాలం తాను ముట్టుకోలేనన్నాడు. ఆవిడకు నిర్ణయం తీసుకునే స్థితి లేదని ఒక వైద్యుడు రాసిస్తే, కోర్టు నన్ను సంరక్షకుడిగా నియమిస్తే, నా సంతకం సరిపోతుందన్నాడు. అత్యవసరమైతే వారంలో ఉత్తర్వు వస్తుందన్నాడు. ఆ రాత్రి నాకు నాలుగేళ్ళ లెక్క ఒక్కటే కనిపించింది. అది ఎవరి నాలుగేళ్ళో ఆలోచించలేదు. మర్నాడు ప్లీడరు దగ్గరకు వెళ్ళాను.

పరీక్షించడానికి వచ్చిన డాక్టరు మర్యాదస్తుడే. చేతిలో అచ్చువేసిన ప్రశ్నల కాగితం. నేను మంచం పక్కనే ఉన్నాను.

"ఈ రోజు ఏ వారమమ్మా?"

"మీరు పేపరు చదవరా? బుధవారం."

"ఇప్పుడు మనం ఎక్కడున్నాం?"

"కాళ్ళు తీయడానికి తొందరపడేవాళ్ళ దగ్గర."

అతను నవ్వలేదు. రాసుకున్నాడు. "వందలోంచి ఏడు తీసేయండి. వచ్చినదాంట్లోంచి మళ్ళీ ఏడు. అలా చెబుతూ వెళ్ళండి."

మీ అమ్మ నవ్వింది. "అది ఆయన్ని అడగండి. లెక్కలు ఆయన వాటా."

"మీరే ప్రయత్నించండమ్మా."

"వంద... ఎనభై... ఏమో బాబూ."

డాక్టరు నా వైపు తిరిగాడు. "ఇదివరకు ఇలాంటి చిన్న లెక్కలు చేసేవారా?"

నేను, "చేసేది. చక్కగా చేసేది," అన్నాను.

ఇదే నేను ఇన్నాళ్ళు దాచింది. నలభై నాలుగేళ్ళలో మీ అమ్మను నేను పైకి మెచ్చుకున్నది తక్కువ. ఆ రోజు మెచ్చుకున్నాను.

ఆమె నా మొహం చూసింది. కోపం లేదు. గుడ్డ తప్పుగా కత్తిరించాక, ఇక అతుకు వేయడం తప్ప దారి లేదని తెలిసినప్పుడు చూసేదే, ఆ చూపు. ఆ తర్వాత డాక్టరు ఇంకా చాలా ప్రశ్నలు అడిగాడు. ఒక్కదానికీ నోరు తెరవలేదు. సర్టిఫికెట్‌లో అతను రాసింది నాకు కంఠస్థం. 'పూర్వం ఉన్న గణన శక్తి క్షీణించింది. ప్రశ్నలకు స్పందన లేదు. వైద్యం విషయంలో స్వయంగా నిర్ణయం తీసుకోగల స్థితిలో లేరు.' ప్లీడరు అదే మాట నా ప్రమాణ పత్రంలో ఎక్కించాడు. సంతకం పెట్టాను.

నీకు అభ్యంతరం లేదని ఒక కాగితం పంపి సంతకం చేయించాను, గుర్తుందా? నీకు పంపింది ఆఖరి పేజీ ఒక్కటే. మొదటి పేజీలో ఆ 'గణన శక్తి' ఉంది. చదివితే నువ్వు నవ్వేదానివి. తర్వాత సంతకం పెట్టేదానివి కాదు. అందుకే పంపలేదు. కాబట్టి ఇందులో నీ తప్పు లేదు. ఉందని ఎప్పుడైనా అనిపిస్తే ఈ పేరా మళ్ళీ చదువుకో.

జడ్జి ఆమెను చూడలేదు. ఫైలు చూశాడు. విచారణ తొమ్మిది నిమిషాలు. అందులో రెండు నిమిషాలు ఫ్యాను చప్పుడు గురించి. బయటికి వచ్చేసరికి, నలభై నాలుగేళ్ళు నాకు ఏ చొక్కా వేసుకోవాలో చెప్పిన మనిషికి నేను సంరక్షకుణ్ణి.

కాలు తీశారు. మెలకువ వచ్చాక దుప్పటి మీద చేత్తో తడిమి చూసుకుంది. నర్సును మంచినీళ్ళడిగింది. నన్ను ఏమీ అడగలేదు. ఇంటికి తీసుకెళ్ళమని సర్జన్‌తో చెప్పింది. మెట్లున్నాయని, నా మోకాళ్ళు ఇలా ఉన్నాయని, హోమ్‌లో చేర్చే కాగితం మీద నేనే సంతకం పెట్టాను. కింది ఇంటి కండక్టరు, "ఇద్దరం కుర్చీతో సహా మోసేస్తాం మాస్టారూ, బస్సు తోసినవాళ్ళం," అన్నాడు. ప్రమాదమని వద్దన్నాను. ఒకసారి మరొకరి తరఫున సంతకం పెట్టడం అలవాటైతే, చెయ్యి తడబడదు.

హోమ్‌లో అందరితో మాట్లాడేది. నాతో తప్ప. అక్కడ ఆడవాళ్ళకు ఇచ్చే గౌన్లకు ముడులు వెనక ఉంటాయి. ఎవరో ఒకరు వచ్చి కట్టాలి, విప్పాలి. "చేతులు ముందు, ముడులు వెనక. కుట్టినవాడికి అమ్మ లేదేమో," అని రేడియో అవ్వతో అంటూండగా విన్నాను. వాటిని విప్పి పక్కకు కుట్టాలని మేట్రన్‌ను సూది, దారం, కత్తెర అడిగింది. మేట్రన్ ఫారం పట్టుకుని నా దగ్గరకు వచ్చింది.

"పదునైన వస్తువులకు గార్డియన్ అనుమతి కావాలండీ. టిక్కు పెట్టండి, నాకు రౌండ్లున్నాయి."

సూదికి 'సరే' పెట్టాను. దారానికి 'సరే' పెట్టాను. కత్తెరకు 'వద్దు' పెట్టాను.

మూడూ ఒప్పుకుంటే బాధ్యత లేని మనిషినంటారని కావచ్చు. ఆ కత్తెర ఆమె చేతికి ఆరో వేలు. ఇంట్లో మిషన్ సొరుగులో ఉంది, రోజూ చూస్తున్నాను. ఆమె కుట్లు పళ్ళతో కొరికి విప్పింది. కాగితం గోటితో చించి కొలతలు తీసింది. ఏడుగురు ముసలివాళ్ళ గౌన్లు మార్చింది. తన గౌను ఎడమ వైపు కురచగా మడిచి కుట్టుకుంది, ఒక్క ముడత లేకుండా. నిర్ణయం తీసుకోలేని మనిషి చేసిన పని అది. కళ్ళారా చూశాను.

ఒకనాడు రేడియో అవ్వ ఊరుకోలేక, "ఏమమ్మా టైలరమ్మా, మా అందరి చెవులూ కొరుకుతావు, మాస్టారితో మాత్రం మౌనవ్రతమా?" అంది.

మీ అమ్మ సూదిలో దారం ఎక్కిస్తూ, "ఆయనకు నా జవాబులన్నీ తెలుసు. ఇంకా నేనెందుకు చెప్పడం," అంది.

మూడు నెలలకొకసారి సంరక్షకుడు కోర్టుకు నివేదిక ఇవ్వాలి. అచ్చు ఫారం. పన్నెండు గళ్ళు. తొమ్మిదో గడిలో ఇలా ఉంటుంది: 'సంరక్షణలోని వ్యక్తి స్వంత కోరిక తెలుసా? తెలిస్తే పాటించారా?' మూడుసార్లు నింపాను. మూడుసార్లూ 'తెలుసుకునే వీలు లేదు' అని రాశాను. నా దస్తూరి బాగుంటుందని గుమాస్తా మెచ్చుకున్నాడు.

ఇప్పుడు ఆఖరి నివేదిక మిగిలింది. మనిషి పోయిన నెల లోపల ఇవ్వాలి. ఫారం తెచ్చుకోవడానికి వెళితే గుమాస్తా తొమ్మిదో గడి మీద పెన్ను పెట్టి చూపించాడు.

"ఇక్కడ 'వర్తించదు' అని రాసేయండి సార్. అందరూ అదే రాస్తారు. పోయినవాళ్ళకు కోరికలేముంటాయి?"

ఇంటికి తెచ్చుకుని నింపాను. నిన్న ప్లీడరుకు చూపించాను. చదివి కళ్ళజోడు తీసేశాడు.

"ప్రమాణం చేసి ఇచ్చింది అబద్ధమని మీరే రాసిస్తున్నారు మాస్టారూ. ఇది మీ మీదకే తిరుగుతుంది. మీకు డెబ్బై నాలుగు. ఈ వయసులో బోను ఎక్కుతారా?"

"ఎక్కమంటే ఎక్కుతాను."

"ఆవిడ రారు గదా దీనివల్ల. ఎవరికి లాభం?"

"ఆ ఫైల్లో ఆవిడకు తెలివి లేదని ఉంది."

"ఆ ఫైలు ఇక ఎవరూ తెరవరండీ. దుమ్ములో పడుంటుంది."

"దుమ్ములోనైనా సరే."

అతను కళ్ళజోడు మళ్ళీ పెట్టుకుని కాగితం నా వైపు తోశాడు. తాను ఆ కాగితం ముట్టుకోనన్నాడు. నేనే ఇచ్చుకుంటానని చెప్పి వచ్చాను.

ఇక నీ ఉత్తరంలో ఆఖరి మాట. "నీకూ వయసు మీద పడుతోంది నాన్నా, అమ్మకు చేయించినలాంటి సంరక్షణ కాగితాలు ముందే సిద్ధం చేసి పెట్టమని ప్లీడరును అడగనా?" అని రాశావు. మంచి మనసుతోనే రాశావు. నేనూ మంచి మనసుతోనే పిటిషన్ వేశాను. అందువల్ల చెబుతున్నాను, వద్దు. నాకు ఏది కావాలో, ఏది వద్దో వేరే కాగితం మీద రాసి ఈ ఉత్తరంతో జత చేశాను. అందులో నీకు నచ్చనివి రెండు మూడు ఉంటాయి. నచ్చకపోయినా అలాగే చెయ్యి. ఎవరైనా నన్ను పరీక్షించడానికి వస్తే, నాకు లెక్కలు వచ్చునని చెప్పు. సూదిలో దారం ఎక్కించడం రాదని కూడా చెప్పు. ఎప్పుడూ రాలేదని చెప్పు.

ఆ రోజు ఆమె అడిగిన ప్రశ్న రాయాలి. పదకొండు నెలల తర్వాత నాతో మాట్లాడిన మొదటి మాట అది. నా మెడ కొలత వేళ్ళకు చుట్టుకుంటూ అడిగింది.

"వందలోంచి ఏడు తీసేస్తే ఎంత?"

"తొంభై మూడు," అన్నాను.

పట్టీని వేలికి ఇంకో చుట్టు చుట్టింది. "దీనికా ఇంత చేశారు మాస్టారూ," అంది. గోడవైపు తిరిగింది.

నన్ను క్షమించిందని నువ్వు తిరుగు టపాలో రాయకు. కొలత తీసుకుంది, అంతే. కాలరు వదులైతే ఎవరికైనా తీసుకునేది. ఆ పట్టీ నా జేబులో ఉంది. దాన్ని మేకుకు తగిలించలేదు, కోర్టు కాగితాలతోనూ జత చేయను.

జత చేసేవి వేరే ఉన్నాయి. మేకు మీది నుంచి పది పట్టీలు తీశాను, రంగు దారాలతో సహా. ఎవరైనా వాటిలో ఒక్క అంకె చూపించగలిగితే చూపించమను. ఒక గౌను కూడా పెట్టాను, ముడి పక్కకు కుట్టినది. రేడియో అవ్వ తనది ఇచ్చింది. గుమాస్తా తీసుకోనంటే బల్ల మీద పెట్టి, అందినట్టు ముద్ర వేసేదాకా నిలబడతాను. నిలబడటానికి నాకు రెండు కాళ్ళున్నాయి.

రేపు ఉదయం ఎనిమిదింటికి మెట్లు దిగుతాను. ముందు హోమ్‌కు వెళ్ళి, సొరుగులోని కత్తెర రేడియో అవ్వకు ఇస్తాను. అనుమతి ఎవరిదని మేట్రన్ అడిగితే, అవ్వదేనని చెబుతాను. పదిన్నరకు కోర్టు ఆఫీసు తెరుస్తారు. మూడో కిటికీ దగ్గర నివేదిక ఇస్తాను. తొమ్మిదో గడిలో రెండు మాటలు రాశాను. 'తెలుసు. పాటించలేదు.'

ఇట్లు,
నాన్న